తొమ్మిదో వరుస, నాలుగో గడి

పోయిన ఆదివారం మా తమ్ముడి కూతురు కీర్తన మా ఇంటికి వచ్చింది. రాయదుర్గంలో ఒక కంపెనీలో పనిచేస్తుంది. పెద్దగా ఎవరూ రాయని భాషలకు కంప్యూటర్‌లో అక్షరాలు తయారుచేయడం వాళ్ల పని. ప్రతి అక్షరానికీ ఒక నంబరు ఇస్తారు. యంత్రం దాచుకునేది ఆ నంబరునే, అక్షరాన్ని కాదు. ఆ పిల్ల ఉప్మా తింటూ మామూలుగా అంది:

"అత్తా, మాకిచ్చిన టేబుల్ అంతా గజిబిజి. తర్వాత దొరికిన అక్షరాల్ని ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ పడేశారు. ఈ వీకెండ్ కూర్చుని నంబర్లన్నీ నీట్‌గా సర్దేస్తున్నా."

"పాత నంబర్లతో టైపు చేసినవి ఏమైనా ఉన్నాయా?"

"ఏవో కొన్ని ఫైల్స్ ఉన్నాయి. టెస్టింగ్‌వి అనుకుంటా."

"అనుకుంటావా, తెలుసా?"

"ఏమో అత్తా, చూడాలి."

నేను కుర్చీలోంచి లేచిపోయాను. నాకు ముందునుంచీ కాలు నిలవదు, ఇప్పుడు మోకాళ్లు వద్దంటున్నా నిలవదు. కోకాపేటలో ఇంత ఎత్తున ఫ్లాట్ కొన్నప్పుడు, బాల్కనీలోంచి చూస్తే మనసు కుదుటపడుతుందన్నారు మా వాళ్లు. నేను ఆ బాల్కనీలో పచార్లు చేస్తాను. ఆ రోజు కూడా రెండుసార్లు అటూ ఇటూ తిరిగి వచ్చి, "ఇంకో రెండు రోజులు ఏమీ ముట్టుకోకు. నేనొకటి రాసిస్తాను, చదివి అప్పుడు సర్దుకో" అన్నాను. ఆ రాస్తున్నదే ఇది. కీర్తన కోసమే మొదలుపెట్టాను గానీ, ఈ పనిలోకి కొత్తగా వస్తున్న పిల్లలు ఇంకెవరైనా చదివినా నష్టం లేదు.

నా ప్రమోషన్ల గురించి రాయను. అవి సీనియారిటీ ప్రకారం వాటంతటవే వచ్చాయి.

ఆ పని ఏమిటంటే

డెబ్బైల మొదట్లో బాలానగర్‌లో ఒక అచ్చు వర్క్‌షాపులో చేరాను. మాది గుంటూరు వైపు. డ్రాయింగులో డిప్లొమా చేశాను. ఆ షెడ్డు మొత్తానికి ఆడమనిషిని నేనొక్కదాన్నే. మూడేళ్లపాటు నేను వాడుకోవడానికి ఒక బాత్‌రూము కూడా లేదు, ఎదురుగా ఉన్న బిస్కెట్ల ఫ్యాక్టరీకి నడిచి వెళ్లేదాన్ని. ఇది ఫిర్యాదు కాదు, కానీ ఉద్యోగం గురించి రాస్తూ ఇది రాయకపోతే అబద్ధమవుతుంది.

అక్కడ కంప్యూటర్ లేదు. రెండు యంత్రాలుండేవి. మొదటిదాని ముందు ఆపరేటర్ కూర్చుని మీటలు నొక్కితే, ఒక కాగితపు రీలు మీద రంధ్రాలు పడేవి. ఒక్కో అక్షరానికి రెండు రంధ్రాలు: ఏ వరుస, ఏ గడి అని. ఆ రీలును రెండో యంత్రానికి ఎక్కిస్తే, అది ఆ రంధ్రాల్ని బట్టి లోపల ఉన్న చదరపు చట్రాన్ని జరిపి, ఆ గడిలో ఉన్న అచ్చులోకి కరిగిన సీసం పోసేది. అక్షరం బయటపడేది. అంటే రీలులో 'క' ఎక్కడా ఉండదు. రెండో వరుస, ఐదో గడి అని మాత్రమే ఉంటుంది. ఆ గడిలో 'క' ఉంటే 'క' వస్తుంది, 'బ' పెడితే 'బ' వస్తుంది. కీర్తనా, మీ నంబర్లు చేసేదీ ఇంతే, మీకు సీసం వాసన రాదు, అంతే తేడా.

ఏ గడిలో ఏ అక్షరం ఉందో చూపించే బొమ్మను అమరిక అనేవాళ్లం. మందపాటి తెల్ల అట్ట మీద పెన్సిల్‌తో గీయడం, దాని ప్రకారం చట్రంలో అచ్చులు పేర్చడం నా పని.

రాజలింగం గారి శనివారాలు

మా సెక్షన్‌కి పెద్ద రాజలింగం గారు. కూకట్‌పల్లి మనిషి. పని తెలిసినవాడు, మాట మీద నిలబడేవాడు, ఎవరి జీతమూ కోయించినవాడు కాదు. ఆయనకున్న పిచ్చి ఒక్కటే, శుభ్రం. శనివారం మధ్యాహ్నం షెడ్డు మొత్తం కడిగించేవాడు. పని అయిపోయిన కాగితం ఏది కనిపించినా చిత్తుకాగితాల్లోకి పోవాల్సిందే.

"టేబుల్ మీద నిన్నటిది కనవడొద్దు సుభద్రమ్మా. నిన్నటిది అడ్డముంటె ఇయ్యాల్టి పని నడవది" అనేవాడు.

నాకు ఆ మాట బాగా నచ్చేది. కుదురులేని మనిషికి సర్దడం కంటే మంచి పని దొరకదు. చేతులు ఆడుతుంటాయి, పని చేస్తున్నట్టూ ఉంటుంది. నేను ఆయనకంటే రెండాకులు ఎక్కువ చదివాను.

ఆదిలాబాద్ అడవుల్లోంచి భీమ్‌రావు అనే బడిపంతులు మా దగ్గరికి వచ్చింది అప్పుడే. గోండు మనిషి. ఒక నోటు పుస్తకం తెచ్చాడు. గోండుల్లో ఒక ఇంటిపేరు వాళ్లకు తరతరాల పెద్దల పేర్లు పాడి వినిపించే సోమాజీ అనే పాటగాడు ఉన్నాడట. కీక్రి అనే తీగల వాయిద్యం వాయిస్తూ, పంట ఇళ్లకు చేరాక అందరూ కూడినచోట పాడతాడట. ఆ పేర్లన్నీ భీమ్‌రావు రాసుకున్నాడు, తెలుగు అక్షరాల్లో, తెలుగులో లేని పలుకుల కోసం కొన్ని కొత్త గుర్తులు కలిపి. ప్రభుత్వ శాఖ ఒకటి చిన్న పుస్తకంగా అచ్చు వేయమని కాగితం ఇచ్చింది.

కొత్త గుర్తులకు బొమ్మలు గీశాను, అచ్చులు చేయించాం. మామూలు చట్రంలో చోటు లేదు కనుక ఈ పనికోసమే వేరే అమరిక వేశాను. ఎక్కడ ఖాళీ దొరికితే అక్కడ ఇరికించాను. ఆపరేటర్ దాన్ని ఎదురుగా పెట్టుకుని, ఒక్కో గడి వెతుక్కుంటూ రీలు కొట్టాడు. తీరా సీసం పోద్దామనేసరికి స్టాకు నిండుకుంది, ఉన్నదంతా బడిపుస్తకాలకే వాడమన్నారు. రీలును రేకు డబ్బాలో పెట్టాం. భీమ్‌రావు నోటు పుస్తకం తీసుకుని వెళ్లిపోయాడు.

ఆ శనివారం అమరిక అట్ట నా బల్ల మీద ఉంది. వంకరటింకరగా, దిద్దుళ్లతో, చూడటానికే చిరాకుగా ఉంది. తెల్ల అట్ట దొరకడం కష్టంగా ఉన్న రోజులు. రీలు కొట్టడం అయిపోయింది కదా, ఇంకెందుకనుకున్నాను. రబ్బరు తీసుకుని మొత్తం చెరిపేశాను. చట్రంలోంచి అచ్చులు తీసి, అక్షరక్రమంలో చక్కగా పేర్చి, అదే అట్ట మీద కొత్త అమరిక గీశాను. రాజలింగం గారు వచ్చి చూసి, "ఇట్ల ఉండాలె బల్ల" అన్నారు. ఆ సాయంత్రం బస్సులో చాలా సంతోషంగా ఇంటికి వెళ్లాను.

రెండు రోజుల అబద్ధం

ఏడాది దాటాక సీసం వచ్చింది. భీమ్‌రావుకి కబురు పెట్టాం. వచ్చాడు. మనిషి చిక్కిపోయాడు. సోమాజీ ఆ వానాకాలంలో జ్వరంతో పోయాడని చెప్పాడు. నోటు పుస్తకం బడి పెట్టెలో పెడితే చెదలు తినేశాయట.

"ఇగ మీ తాన ఉన్న రీలే మేడం. ఈ యేడు పంట మీద కూడినప్పుడు సోమాజీ అల్లుడు పాడాలె. అతనికి సగం గూడ రాదు. పుస్తకం చేతిల పెడ్తనని సోమాజీకి మాటిచ్చిన" అన్నాడు.

రీలు ఎక్కించాం. యంత్రం టకటకా కొట్టుకుంటూ సీసం అక్షరాలు పోసింది. ప్రూఫు తీసి భీమ్‌రావు చేతికిచ్చాను. అతను కళ్లకు దగ్గరగా పెట్టుకుని చూశాడు, దూరంగా పెట్టి చూశాడు.

"ఇది మా భాష కాదు మేడం. తెలుగు గూడ కాదు."

నాకు అప్పుడు తట్టింది. రీలు పాత అమరికది, చట్రం నేను సర్దిన కొత్తది. కానీ నోటితో చెప్పింది వేరే. "యంత్రంలో ఏదో లోపం ఉందండీ, చూడాలి" అన్నాను.

రెండు రోజులు ఆ అబద్ధం నడిపాను. మెకానిక్ పాపం యంత్రం విప్పి మళ్లీ బిగించాడు. నేను అట్టను కిటికీ దగ్గర ఏటవాలుగా పట్టుకుని, చెరిపిన పెన్సిల్ జాడలు కనిపిస్తాయేమోనని చూశాను. చాలా బాగా చెరిపాను. ఆపరేటర్‌ని అడిగితే, "అట్ట చూసి కొట్టిన అమ్మా, యాదుండదు" అన్నాడు.

తప్పు చేయడం గురించి పెద్దవాళ్లు మీకు చాలా చెబుతారు. నేను చెప్పేది ఈ రెండు రోజుల గురించి. చెరపడం తెలియనితనం. అది ఎవరికైనా జరుగుతుంది. ఆ రెండు రోజులు మాత్రం సిగ్గులేనితనం.

మూడో రోజు బస్‌స్టాపులో భీమ్‌రావుకి నిజం చెప్పాను.

"నేను చెదలకిచ్చిన, మీరు రబ్బరుకిచ్చిన్రు" అన్నాడు. "ఇద్దరం ఒకటే మేడం."

తిట్టి ఉంటే బాగుండేది. ఇద్దరం ఒకటి కాదు. అతని పెట్టెలోకి చెదలు వాటంతటవే వచ్చాయి. నేను పనిగట్టుకుని చెరిపాను.

మొదటి నుంచి

రంధ్రాలు ఉన్నాయి. ఏ రంధ్రానికి ఏ అక్షరమో తెలిసిన మనుషులు లేరు. ఆ పాట తెలిసిన మనిషి ఎవరైనా నోటితో చెబితే, రీలుతో పోల్చి అక్షరాల్ని తిరిగి పట్టుకోవచ్చని నాకు తోచింది. రాజలింగం గారిని అడిగితే ఎనిమిది రోజులిచ్చారు. "బడిపుస్తకాలు ఆగినయంటె నా మెడకు చుట్టుకుంటది. ఎన్మిది దినాలు, అంతే" అన్నారు.

భీమ్‌రావు వెళ్లి సోమాజీ కూతురు మాణిక్‌బాయిని తీసుకొచ్చాడు. నలభై దాటిన మనిషి. కొద్దిగా తెలుగు వచ్చు. సభలో పాడేది మగవాళ్లేనట, కానీ చిన్నప్పటినుంచి తండ్రి వెనకాల కూర్చుని ప్రతి ఏడూ విన్నది ఆమే. కుర్చీ వేస్తే కూర్చోలేదు. గోనెసంచి పరిచి నేలమీద కూర్చుంది. నేను రీలును కిటికీ అద్దానికి అంటించాను, వెలుతురుకి రంధ్రాలు కనిపించేలా.

ఆమె మొదలుపెట్టింది. మొదటి పేరు రాగానే, "ఆగండి" అని పెన్సిల్ తీశాను. రాసుకుని, "ఊఁ, తర్వాత" అన్నాను. ఆమె మళ్లీ మొదటినుంచి ఎత్తుకుంది. రెండో పేరు దగ్గర ఆపాను. మళ్లీ మొదటినుంచి. మధ్యాహ్నం దాకా మేము మూడో పెద్దాయన్ని దాటలేదు. మర్నాడూ అంతే. నాకు ఒళ్లు మండిపోయింది. ఎనిమిది రోజుల్లో రెండు అప్పుడే పోయాయి.

"అలా ప్రతిసారీ వెనక్కి వెళ్లకండి. ఎక్కడ ఆపితే అక్కడినుంచే చెప్పండి" అని గట్టిగా అరిచాను.

మాణిక్‌బాయి నేను చెప్పడం ముగిసేదాకా ఆగి, మళ్లీ మొదటి పేరునుంచే అందుకుంది.

భీమ్‌రావు నెమ్మదిగా చెప్పాడు. "నడుమల ఆపితె పెద్దోళ్లు తొవ్వల నిలవడ్తరంట మేడం. మల్ల ఇంటికాడికెంచి తోలుకరావాలె."

మూడో రోజు పెన్సిల్ బల్ల మీద పడేశాను. నిజం చెప్పాలంటే వినడానికి కాదు, విసుగొచ్చి. ఆమె మొదటినుంచి చివరిదాకా ఆగకుండా చెప్పింది. చేతిలో పని లేకుండా నేను కూర్చున్నది అదే మొదటిసారేమో. అప్పుడు వినిపించింది. ప్రతి పేరు తర్వాతా ఒకే మాట వస్తోంది. అడిగితే, "వచ్చి కూర్చో" అని అర్థమన్నాడు భీమ్‌రావు. లేచి కిటికీ దగ్గరికి వెళ్లాను. రీలు నిండా, కొంచెం కొంచెం ఎడంలో, ఒకే రకం రంధ్రాల గుంపు మళ్లీ మళ్లీ వస్తోంది. వచ్చి కూర్చో. వచ్చి కూర్చో. రెండు రోజులుగా అది నా కళ్లముందే వేలాడుతోంది.

రెండు గుంపుల నడుమ ఉన్నది ఒక పేరు. దాన్ని పట్టుకుని లాగితే మిగిలిన అక్షరాలు వచ్చాయి. ఆమె చెప్పినన్నిసార్లు విన్నాను. ఐదో రోజుకి నేనూ లోలోపల ఆమెతో కలిసి చెబుతున్నాను.

ఎవడు చూస్తడు

ఏడో పేరు దాటాక మాణిక్‌బాయి ప్రతిసారీ ఒకచోట కొంచెం తడబడేది. గొంతు తగ్గించి, దాటి వెళ్లిపోయేది. రీలులో సరిగ్గా అక్కడ రెండు పేర్లు ఎక్కువ ఉన్నాయి.

మొదటి పేరులో అక్షరాలన్నీ మాకు దొరికాయి. భీమ్‌రావు కూడబలుక్కుంటూ చదివాడు. మాణిక్‌బాయి కొంగు తలమీదికి లాక్కుంది. ఆ పేరు రెండుసార్లు తనలో తాను అనుకుని, "వచ్చి కూర్చో" అంది. తర్వాత ఏడ్చింది. తండ్రి పోయిన తర్వాత అతని నోటి మాట రంధ్రాల్లోంచి వచ్చింది.

రెండో పేరుకి మూడు అక్షరాలు. మొదటిది 'జే', చివరిది 'రు'. నడుమ రంధ్రాలు తొమ్మిదో వరుస, నాలుగో గడి. రీలు మొత్తంలో ఆ గడి ఆ ఒక్కచోటే వచ్చింది. పోల్చడానికి ఇంకోటి లేదు. ఏ గడికీ చేరకుండా మిగిలిపోయిన అక్షరాలు పదకొండు. వాటిలో ఏదైనా కావచ్చు. పదకొండూ ఒక్కొక్కటిగా పెట్టి చదివి వినిపించాం. మాణిక్‌బాయి ప్రతిదానికీ తల అడ్డంగా ఊపింది. కాదని కాదు, తెలియదని.

ఎనిమిదో రోజు రాజలింగం గారు వచ్చి నిలబడ్డారు.

"ఇంత కష్టపడ్డరు గద, ఆ ఒక్కటి ఏదో ఒకటి పెట్టి అచ్చెయ్యి సుభద్రమ్మా. ఎవడు చూస్తడు? రేపటిసంది చట్రం నాకు గావాలె."

ఆయన్ని తప్పుపట్టను. నేనూ అప్పటికే పదకొండులో చూడటానికి బాగున్న ఒక అక్షరాన్ని ఎంచుకుని ఉన్నాను. ఖాళీ వదిలితే పుస్తకం తప్పులా కనిపిస్తుందని నా బాధ. రాజలింగం గారన్న మాట మాణిక్‌బాయికి అర్థమైంది. నేలమీదినుంచి లేచి, మొదటిసారి నా బల్ల దగ్గరికి వచ్చింది.

"వేరే పేరుతోని పిలిస్తే వేరేటోడు వచ్చి కూసుంటడు. ఈయన బైటనే నిలవడ్తడు" అంది. "తెల్వనిది తెల్వనట్టే ఉంచు మేడం."

రాజలింగం గారు, "సరే, ఆడ ఖాళీ ముక్క పొయ్యి" అని వెళ్లిపోయారు. చెప్పాను కదా, మాట మీద నిలబడే మనిషే గానీ మొండి కాదు. ఆ గడిలో అక్షరం లేని సీసం ముక్క పోశాం. పుస్తకంలో 'జే' తర్వాత ఒక అక్షరమంత తెల్లచోటు, ఆ తర్వాత 'రు'. ఆ సాయంత్రమే మాకు తెలిసినంతవరకు పాత అమరికను సిరాతో రాసి, రీలుతోపాటే డబ్బాలో పెట్టాను. మిగతా ఉద్యోగంలో ఏ అక్షరాన్నీ దాని గడిలోంచి కదపలేదు. కొత్తది వస్తే చివర కొత్త గడి. చూడటానికి అసహ్యంగా ఉంటే ఉండనీ అనుకున్నాను. నా తర్వాత వచ్చినవాళ్లు నన్ను చాదస్తం మనిషి అనేవారు.

కార్డు

నిన్న కీర్తన ఫోన్ చేసింది. ఇది ఇంకా పూర్తికాలేదని చెప్పి, అయినంతవరకు చదివి వినిపించాను. ఆ 'టెస్టింగ్' ఫైళ్లు తెరిచి చూసిందట. వాటిలో రెండు, ఎవరో ముసలావిడ చెప్పిన కథలట. వేరే ప్రతి ఎక్కడా లేదు.

"టేబుల్ ముట్టుకోలేదు అత్తా. కొత్తవి చివర్లో యాడ్ చేస్తున్నా" అంది. "ఆ పేరు తర్వాత దొరికిందా?" అని అడిగింది.

దొరకలేదు. ఆ ఏడు పంట మీద కూడిన తర్వాత భీమ్‌రావు ఒక కార్డు రాశాడు. సోమాజీ అల్లుడు పుస్తకం చూసుకుంటూ చివరిదాకా పాడాడట. తెల్లచోటు వచ్చినప్పుడు ఏం చేయాలని ముందే పెద్దలందరూ మాట్లాడుకున్నారట. ఊరుకుంటే మరచిపోయామని పెద్దాయన అనుకుంటాడు, ఏదో ఒకటి అంటే వేరేవాడు వస్తాడు. మాణిక్‌బాయి ఒక మాట చెప్పిందట, అందరూ ఒప్పుకున్నారట. అల్లుడు అక్కడికి రాగానే కీక్రి ఆపకుండా ఇలా పాడాడని భీమ్‌రావు రాశాడు:

"నీ పేరు మాకు తెలుసు, పట్నంల ఒక మేడం అందులకెంచి ఒక్క అక్షరం తుడిచింది, నువ్వేమనుకోకు, వచ్చి కూర్చో."

ఇకనుంచి ప్రతి ఏడూ అలాగే పాడతామని కింద రాసి ఉంది. నా మీద కోపంతో కాదట, జరిగింది చెప్పాలి కాబట్టి అట.

ఆ కార్డు చదివి ఆ రోజు బాలానగర్ నుంచి అమీర్‌పేట దాకా నడిచాను, బస్సు ఎక్కాలనిపించలేదు. ఎన్నో ఏళ్లు గడిచాయి. ఇప్పటికీ లిఫ్టులో, బాల్కనీలో, కూరగాయలు తరుగుతూ ఆ పదకొండు అక్షరాల్నీ ఒక్కొక్కటిగా ఆ నడుమ పెట్టి చూస్తుంటాను. నా సర్వీసు పుస్తకంలో మెచ్చుకోళ్లు చాలా ఉన్నాయి. నేను చేసిన పని గురించి నిజం మాత్రం ఒక్కచోటే ఉంది. పంటలు ఇళ్లకు చేరాక, అక్కడెక్కడో ఇంకా దాన్ని పాడుతూనే ఉండి ఉంటారు.